తెంగ్వార్‌లో పేరు రాస్తున్నారా? ముందు గుణింతం చూసుకోండి

'లార్డ్ ఆఫ్ ది రింగ్స్' రచయిత టోల్కీన్ తన కథల్లోని ఎల్ఫులనే జాతి కోసం అల్లిన తెంగ్వార్ లిపిలో పేరు రాసుకుని టాటూ వేయించుకోవాలనుకుంటే ఒక్కటి గమనించండి. అందులో అచ్చులు మన గుణింతాల్లాగే హల్లుల నెత్తిన గుర్తులుగా కూర్చుంటాయి. 'అ'కి మూడు చుక్కలు, 'ఇ'కి ఒక్క చుక్క. కానీ ఏ హల్లు మీద అన్నదగ్గరే అందరూ తప్పులో కాలేస్తారు.

ఎల్ఫుల భాషల్లో ఒకటైన క్వెన్యా పద్ధతి అచ్చం మనదే: అచ్చు దాని ముందున్న హల్లు మీద పడుతుంది. వాళ్ల మరో భాష సిందారిన్‌లో తిరగేసి, తర్వాత వచ్చే హల్లు మీద పెడతారు.

'లత' తీసుకోండి. క్వెన్యాలో ల మీద మూడు చుక్కలు, త మీద మూడు చుక్కలు, అయిపోయింది. సిందారిన్‌లో ల బోడిగా ఉంటుంది, చుక్కలు త మీదికెక్కుతాయి. చివరి 'అ'కి తర్వాత హల్లు లేదు కాబట్టి చుక్కలేని ఐ లాంటి ఒక చిన్న గీత గీసి, దాని మీద పెట్టాలి. దీన్ని క్వెన్యా లెక్కన చదివితే 'ల్‌తఅ'!

ఇంగ్లిష్ పదాలకి కూడా ఎక్కువమంది ఈ రెండో పద్ధతే వాడతారు. అందుకే ఆన్‌లైన్ కన్వర్టర్ ఇచ్చింది సూదికి అప్పగించే ముందు ఏ పద్ధతిలో ఉందో చూడండి. తెలుగు పేర్లకి నా ఓటు క్వెన్యాకే. అచ్చుతో ముగిసే పేర్లే కదా మనవి ఎక్కువ.