ఫ్రెంచి సైనిక వంశ చరిత్ర రాయడం ఎలా: లా ద లారిస్టన్ కుటుంబం ఉదాహరణగా

వెంకటగిరి రాజావారి ఇంటిపేరు వెలుగోటి అని నెల్లూరు సీమలో పుట్టినవారికి వేరే చెప్పనక్కరలేదు కనుక, ఫ్రెంచి ప్రభువంశాల చరిత్ర రాయబూనేవారు తెలుసుకోవలసిన మొదటి సంగతి మనకు సులువుగానే బోధపడుతుంది: ఇంటిపేరు వేరు, ఎస్టేటు పేరు వేరు. బొబ్బిలి కథలోని బుస్సీ దొర ఇంటిపేరు పాతిసియే. అలాగే లా ద లారిస్టన్ అన్నచోట 'లా' ఇంటిపేరు. లారిస్టన్ అన్నది ఎడింబరో దగ్గర, విలియం లా అనే స్వర్ణకారుడు 1683లో కొన్న కోట పేరు. అంటే ఈ ఫ్రెంచి వంశం పుట్టింది స్కాట్లండులో, అదీ కత్తి దగ్గర కాదు, త్రాసు దగ్గర. కాబట్టి 'అనాదిగా వీరవంశం' అన్న మాటతో మొదలుపెట్టకండి.

తరువాత తరాలను విడదీయండి. పేరు, పుట్టిన సంవత్సరం, తండ్రి, కొలువు అని నాలుగు గడులు గీసుకుని, ఆధారం దొరికినవారినే అందులో చేర్చాలి. 1720లో ఫ్రాన్సును కుదిపేసిన మిసిసిపీ కంపెనీ వాటాల వ్యవహారం నడిపిన జాన్ లా ఆ స్వర్ణకారుడి కొడుకు. జాన్ తమ్ముడి కొడుకులు జాన్, జాక్ ఇద్దరూ మన దేశానికి వచ్చారు. నేను మొదటి చిత్తుప్రతిలో ఈ అన్నదమ్ములను ఒక్కరిగా కలిపేసి, ఒకే మనిషిని రెండుసార్లు ఆంగ్లేయులకు పట్టించాను. నిజానికి 1752లో శ్రీరంగంలో లొంగిపోయినవాడు జాక్. 1761లో బీహారులో చిక్కినవాడు జాన్. ఈ జానే 1765 నుంచి 1777 దాకా పుదుచ్చేరి గవర్నరు.

తెలుగులో రాసేటప్పుడు ఇంకో చిక్కు ఉంది. 'జాన్ లా పోరాడాడు' అని రాస్తే, ఎవరో జాన్ మాదిరిగా పోరాడాడని చదువరి అనుకుంటాడు. అందుచేత ప్రతిచోటా 'లా ద లారిస్టన్' అని పూర్తిగా రాయడమే మేలు.

పుట్టుకలు, పెళ్లిళ్లకు పుదుచ్చేరి చర్చి రిజిస్టర్లను, సైనిక కొలువులకు పారిస్ పక్కనున్న వాన్సెన్ కోటలోని రక్షణశాఖ పత్రాలను చూడాలి. యుద్ధ ఘట్టాలకు ఆంగ్లేయుల రాతలను మాత్రమే నమ్మక, పుదుచ్చేరి దుబాసీ ఆనందరంగ పిళ్లై దినచర్యతోనూ సరిపోల్చుకోవాలి.

ఓటములను దాచకండి. గవర్నరు కొడుకు, 1768లో పుదుచ్చేరిలోనే పుట్టిన ఫిరంగిదళ సేనాని, 1811లో నెపోలియన్ రాయబారిగా రష్యా వెళ్లాడు. 1813లో లైప్‌జిగ్ యుద్ధంలో శత్రువులకు బందీ అయ్యాడు. 1823లో ఫ్రెంచి సైన్యంలో అత్యున్నత హోదా అయిన మార్షల్ అయ్యాడు. తండ్రి, బాబాయి, కొడుకు ముగ్గురూ శత్రువు చేతికి చిక్కినవారే. స్వర్ణకారుడి మునిమనవడికి మార్షల్ దండం దక్కిన దారి ఆ చెరల మీదుగానే సాగింది.