బుగ్గ, బిలం, గండి: చీనీ తోటల సీమలో ఒక రోజు ప్రయాణం

తాడిపత్రిలో బుగ్గ రామలింగేశ్వరాలయం, కొలిమిగుండ్ల దగ్గర బెలుం గుహలు, జమ్మలమడుగు అవతల గండికోట. ఈ మూడింటి పేర్లను ఒకసారి నెమ్మదిగా పలికి చూస్తే చాలు, ఆ నేల స్వభావం చాలావరకు అర్థమవుతుంది. నీరు ఊరే చోటు బుగ్గ, నేలలోకి దిగిన తొర్ర బిలం, కొండను నది కోసుకుని వెళ్లిన చోటు గండి. వీటి నడుమ అనంతపురం, కడప, నంద్యాల జిల్లాలు కలిసే చోట చీనీ తోటలూ అరటి తోటలూ ఉన్నాయి. కోస్తాలోను తెలంగాణలోను బత్తాయి అనే పండునే ఇక్కడ చీనీకాయ అంటారు. ఒక కారు మాట్లాడుకుని ఒకే రోజులో వీటన్నిటినీ చూసి రావడం సాధ్యమే. అయితే క్రమం తప్పితే ఆ రోజంతా ఎండలోను కారులోను గడిచిపోతుంది కాబట్టి, ఏది ముందు, ఏది వెనుక అన్నది ఇంటి దగ్గరే తేల్చుకోవాలి.

మొదట బయలుదేరే చోటు. తాడిపత్రి గుంతకల్లు–రేణిగుంట రైలు మార్గంలో ఉంది కనుక, ముందు రోజు రాత్రికి అక్కడికి చేరి, తెల్లవారి అక్కడి కారులో బయలుదేరడం అన్నిటికన్నా సుఖం. అనంతపురం నుంచి వెళ్లి అక్కడికే తిరిగి రావాలంటే మొత్తం దూరం 250 కిలోమీటర్లు దాటుతుంది. అదీ చేయవచ్చు గానీ తెల్లవారుజామునే కదలాలి. హైదరాబాదు నుంచో బెంగళూరు నుంచో ఒకే రోజులో వెళ్లి రావాలనుకునేవారికి నా సలహా ఒక్కటే: ఆ ఆలోచన మానుకోండి.

కారు మాట్లాడేటప్పుడు అద్దె ఎంత అని అడిగి ఊరుకోకూడదు. అందులో ఎన్ని కిలోమీటర్లు కలిసి ఉన్నాయో, ఆపైన కిలోమీటరుకు ఎంత తీసుకుంటారో, డ్రైవర్ బత్తా, టోల్, పార్కింగ్ ఎవరివో, రాత్రి ఏ వేళ దాటితే అదనంగా అడుగుతారో ముందే మాట్లాడి, ఆ వివరాలను ఫోనులో సందేశంగా రాయించుకోవడం మంచిది. అంతకన్నా ముఖ్యమైనది డ్రైవర్ ఆ చుట్టుపక్కల మనిషి కావడం. ఒకసారి దూరపు నగరం నుంచి కారు తీసుకుని వెళ్లాను. ఫోనులోని పటం చూపిన అడ్డదారుల్లో తిరిగి తిరిగి గండికోట చేరేసరికి చీకటి పడింది. అంత దూరం వెళ్లి లోయలో నల్లదనం తప్ప మరేమీ చూడలేదు. స్థానిక డ్రైవర్ అయితే దారి తెలియడమే కాదు, ఏ తోటలో కాయ ఉందో, ఏ రైతు లోపలికి రానిస్తాడో కూడా అతనికి తెలిసి ఉంటుంది. సొంతంగా కారు మాట్లాడుకోవడంలో ఉన్న అసలు ప్రయోజనం అదే. గుహకూ కోటకూ టూరు బస్సులు కూడా వెళ్తాయి, తోట గట్టు దగ్గర మాత్రం అవి ఆగవు.

కాలం విషయంలో తోటకూ ఎండకూ రాజీ కుదర్చాలి. జనవరి, ఫిబ్రవరి నెలల్లో పూత వచ్చే ఆంబే బహార్ కాపు సెప్టెంబరు, అక్టోబరు ప్రాంతంలో కోతకు వస్తుంది. జూన్, జూలై పూతతో వచ్చే మృగ్ బహార్ కాపు ఫిబ్రవరి నుంచి కోతకు వస్తుంది. సెప్టెంబరు, అక్టోబరు నెలల్లో కాయ ఉన్నా వాన భయం ఉంటుంది. అందుచేత నేను ఫిబ్రవరి మొదటి పక్షాన్ని ఎంచుకుంటాను. అప్పటికి ఎండ ఇంకా ముదరదు, అదృష్టం బాగుంటే ఒక తోటలో పూత వాసన, పక్క తోటలో కోతకు వచ్చిన కాయ రెండూ దొరుకుతాయి. ఏప్రిల్, మే నెలల్లో బంగినపల్లి మామిడి కోసం అటువైపు వెళ్లాలనే ఆశ సహజమే గానీ, ఆ ఎండలో గండికోట బండల మీద నిలబడడం పిల్లలకూ పెద్దవారికీ మంచిది కాదు.

ఉదయం 7 గంటలకల్లా బుగ్గ రామలింగేశ్వరాలయంలో ఉండాలి. పెన్న ఒడ్డున విజయనగర కాలంలో కట్టిన గుడి ఇది. లింగం అడుగున నీరు ఊరుతూ ఉండడం వల్లనే దీనికి ఆ పేరు వచ్చింది. పూర్తికాని గోపురాల రాతి మీద శిల్పాలు అంచు అరగకుండా నిలిచి ఉన్నాయి. వాటి మీద ఏటవాలుగా పడే ఉదయపు ఎండను మించిన దీపం లేదు. ఇక్కడ గంటకు మించి ఆగవద్దు. ఊళ్లో ఉగ్గాని, బజ్జీ తిని, మనిషికి కనీసం రెండు లీటర్ల చొప్పున నీళ్లు కారులో పెట్టుకుని బయలుదేరాలి.

తోట దర్శనం ఎనిమిదిన్నర, తొమ్మిదిన్నర మధ్య పెట్టుకోవాలి. తోటకు టికెట్ ఉండదు, వేళలు ఉండవు. చాలా తోటలకు ముళ్లకంప అడ్డం తప్ప తలుపు కూడా ఉండదు. అందువల్లనే అక్కడ మర్యాద ఎక్కువగా పాటించాలి. గట్టు మీదే నిలబడి ‘అన్నా, తోట చూసి పోతాం’ అని కేకేసి, రమ్మంటేనే లోపలికి వెళ్లాలి. అడగకుండా ఒక్క కాయ కూడా తెంపకూడదు. చెట్టు మీది కాపును ముందే వ్యాపారికి బేరం పెట్టి ఉంటే, కాయ రైతుది కూడా కాదు. మీకు అమ్మే హక్కు అతనికి ఉండకపోవచ్చు. కాబట్టి ‘కాపు అమ్మినారా?’ అని అడిగిన తరువాతే కొనే మాట ఎత్తాలి. పాదుల మధ్య నడిచేటప్పుడు డ్రిప్ పైపుల మీద కాలు వేయకూడదు. వాన వెలిసి ఆకులు తడిగా ఉన్నప్పుడు ఒక తోటలోంచి మరో తోటలోకి వెళ్లకూడదు. గజ్జి తెగులు బట్టల వెంట, చేతుల వెంట కూడా పోతుంది.

చూసే కన్ను ఉంటే తోటలో ఒక గంట సరిపోదు. మొదళ్లకు నీలిరంగులో ఏదో పూసి ఉంటే అది అలంకారం కాదు, బంక తెగులు రాకుండా పూసిన బోర్డో పేస్టు, అంటే మైలుతుత్తం, సున్నం కలిపిన ముద్ద. ఒక తోటలో ఆకులు వాడి, చెట్లు దిగాలుగా కనిపిస్తే రైతు పట్టించుకోలేదని అనుకోవద్దు. పూత ఒక్కసారిగా రావడానికి కొన్ని వారాలు నీరు ఆపి చెట్టును బెట్టకు వదులుతారు. ఆ తరువాత నీరు, ఎరువు ఇస్తే చెట్టు పూతతో విరగబూస్తుంది. బోరు నీటి మీద బతికే ఈ సీమలో నీటిని ఇవ్వడం ఎంత విద్యో, ఆపడం కూడా అంతే విద్య.

ఈ ప్రాంతంలో ఎక్కువగా కనిపించే సాత్‌గుడి రకం చీనీ, లోపల తీపి పట్టినా పైకి పచ్చగానే ఉండవచ్చు. మొదటిసారి నేను పసుపు కాయలు ఏరుతుంటే తోట పెద్దాయన నవ్వి, ‘రంగు చూడగూడదప్పా, బరువు చూడల్ల’ అన్నాడు. ఒకే పరిమాణం ఉన్న రెండు కాయలను చెరో చేత పట్టించి, బరువుగా తోచినదాన్ని కొడవలితో అడ్డంగా కోశాడు. తోలు పలుచగా, తొనలు పొర విడవకుండా నిండుగా ఉన్నాయి. రసం మణికట్టు దాకా కారింది. తేలిక కాయను కోస్తే తోలు మందంగా, తొనలు బెండుగా ఉన్నాయి. అప్పటి నుంచి నేను సంతలోనూ అలాగే కొంటున్నాను.

తాడిపత్రి నుంచి బెలుం సుమారు 30 కిలోమీటర్లు. ఈ దారి చూడడానికి అందంగా ఉండదు, కానీ నిద్రపోవద్దు. దారి పక్కన బండలు కోసి పాలిష్ పెట్టే ఫ్యాక్టరీలు, నిలువుగా పేర్చిన నాపరాళ్లు, బూడిదరంగు బురద గుట్టలు, సిమెంటు లారీలు కనిపిస్తాయి. మన వంటింటి గట్టు మీద పరిచే బండా, సిమెంటుకు వాడే సున్నపురాయీ, మీరు దిగబోయే గుహా ఒకే జాతి రాయి. భూగర్భ శాస్త్రవేత్తలు దాన్ని నార్జి సున్నపురాయి అంటారు. పలకలు పలకలుగా ఉండే ఈ రాతి పగుళ్లలోకి, గాలిలోని, మట్టిలోని బొగ్గుపులుసు వాయువును కలుపుకున్న నీరు దిగి, రాయిని కొద్దికొద్దిగా కరిగించి ఈ సొరంగాలను తొలిచింది.

బెలుం గుహల మొత్తం పొడవు 3,229 మీటర్లు. అందులో సుమారు ఒకటిన్నర కిలోమీటర్లు మాత్రమే సందర్శకులకు తెరిచి ఉంది. 1884లో బ్రిటిష్ భూగర్భ శాస్త్రవేత్త రాబర్ట్ బ్రూస్ ఫుట్ ఈ గుహలను ప్రస్తావించాడు. దాదాపు వందేళ్ల తరువాత, 1982–83లో డేనియల్ గెబౌర్ నాయకత్వంలో వచ్చిన జర్మన్ బృందం వీటిని కొలిచి పటం గీసింది. 2002లో పర్యాటకులకు తెరిచారు. సాధారణంగా ఉదయం 10 గంటలకు తెరుస్తారు కనుక, తోట నుంచి నేరుగా వస్తే జనం చేరకముందే లోపలికి దిగవచ్చు.

గుహ అంటే చల్లగా ఉంటుందని చాలామంది అనుకుంటారు. ఇక్కడ అలా ఉండదు. లోపల ఉక్కగా ఉంటుంది, పది నిమిషాల్లో చొక్కా తడిసిపోతుంది. అందుకే పలుచని నూలు బట్టలు, జారని చెప్పులు లేదా బూట్లు వేసుకోవాలి. చేతులు ఖాళీగా ఉంచుకోవాలి. కొన్ని చోట్ల బాగా వంగి నడవాలి. ఉబ్బసం, గుండె జబ్బు, ఇరుకు చోట్ల భయం ఉన్నవారు మొదటి విశాలమైన గదుల వరకు చూసి వెనక్కి రావడం మేలు. మిగిలినవారు 46 మీటర్ల లోతున ఉన్న పాతాళగంగ దాకా వెళ్లాలి. అక్కడ సన్నని నీటి ధార ఒకటి రాతిలోంచి వచ్చి, రాతిలోకే మాయమవుతుంది. సప్తస్వరాల గుహలో రాతి ఊడలను తట్టి మోగించాలని అందరికీ చేయి దురద పెడుతుంది. తట్టకండి. ఒక్కో నీటిబొట్టు మిగిల్చిన సున్నంతో ఎన్నో వేల ఏళ్లు పెరిగిన ఊడలు అవి. చేతి జిడ్డు తగిలినా వాటి పెరుగుదల దెబ్బ తింటుంది.

మధ్యాహ్నం ఒంటి గంట లోపల బయటపడి, జమ్మలమడుగు చేరి భోజనం చేయాలి. అక్కడి నుంచి గండికోట 15 కిలోమీటర్లు. మూడున్నర దాకా కోట లోపల చెట్టు నీడనో గుడి మండపంలోనో ఉండి, ఆ తరువాత లోయ అంచుకు వెళ్లాలి. పెమ్మసాని నాయకులు ఏలిన ఈ కోటను 1650లో గోల్కొండ సేనాని మీర్ జుమ్లా పట్టుకున్నాడు. రెండేళ్లకు ఫ్రెంచి వజ్రాల వర్తకుడు టావెర్నియే ఇక్కడికి వచ్చాడు. మాధవరాయ స్వామి గుడి, రంగనాథాలయం, జామా మసీదు, ధాన్యాగారం అన్నీ నడక దూరంలోనే ఉన్నాయి. వాటిలో తీరికగా చూడవలసినది ధాన్యాగారం. కోటను ముట్టడి వేసినప్పుడు లోపలివారిని కాచేది గోడ కన్నా గింజే.

ఎర్రమల కొండలను పెన్న కోసిన చోట లోయ సుమారు 300 అడుగుల లోతు ఉంటుంది. అక్కడి ఎర్రరాయిని గ్రానైట్ అని రాసేవారు ఉన్నారు, అది పొరపాటు. అది క్వార్ట్‌జైట్, అంటే ఒకప్పటి సముద్రపు ఇసుక గట్టిపడి రాయిగా మారినది. కాళ్ల కింది బండలను జాగ్రత్తగా గమనిస్తే, కొన్నిటి మీద నీటి అలలు ఇసుకలో వదిలిన మడతలు ఇప్పటికీ కనిపిస్తాయి. అడ్డంగా పొరలు, నిలువుగా పగుళ్లు ఉండడం వల్ల లోయ గోడలు ఎవరో దిమ్మెలు పేర్చి కట్టినట్టు అనిపిస్తాయి. ఆ దిమ్మెల్లో కొన్ని వదులుగా ఉంటాయి. చాలా చోట్ల అంచున కంచె లేదు. ఫోటో కోసం చివరి దిమ్మె మీదికి వెళ్లకూడదు, పిల్లల చేయి వదలకూడదు, గాలి ఎక్కువగా ఉంటే నిలబడకుండా కూర్చునే చూడాలి. ఎండ వాలిన కొద్దీ రాయి ఎరుపు చిక్కబడుతుంది. పొద్దు గూకిన పావుగంటలో కారు దగ్గరికి తిరిగి వచ్చేలా టార్చి పట్టుకుని కదలాలి.

డ్రైవర్‌తో లెక్క అక్కడే, కారు మీటరు చూసి, ఉదయం బయలుదేరేటప్పుడు రాసుకున్న మీటరు అంకెతో సరిచూసుకుంటే దిగేటప్పుడు వాదన ఉండదు. ఉదయం కొన్న చీనీలు ఈపాటికి ఎండలో ఆగిన కారు డిక్కీలో వేడెక్కి ఉంటాయి. వాటిని ప్లాస్టిక్ సంచిలో ఉంచితే చెమర్చి బూజు పడతాయి కాబట్టి, గోనెసంచిలోకి మార్చి, మూతి వదులుగా ఉంచి, కాళ్ల దగ్గర పెట్టుకోండి. తిరుగు దారిలో ఎలాగూ ఒకటి రెండు ఒలవక మానరు.