బానిసలు వేసిన విడుదల దావా ఫైలు చదవడం ఎలా?

అమెరికాలో బానిసత్వం, కోర్టులు అనగానే అందరూ నేరుగా 1857 నాటి డ్రెడ్ స్కాట్ తీర్పు తెరుస్తారు. డ్రెడ్ స్కాట్ అనే బానిస విడుదల కోరిన కేసులో అమెరికా సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు అది. చీఫ్ జస్టిస్ టానీ రాసిన దాంట్లోంచి రెండు వాక్యాలు ఎత్తి రాసి, కేసు చదివేశామంటారు. అలా కాదు. తీర్పు ఆఖర్న చదవాలి. ముందు కింది కోర్టు ఫైలు చూడాలి. ఈ వరుస మారిస్తే మిగతాదంతా తప్పుతుంది.

కావలసినవి: ల్యాప్‌టాప్, రూళ్ల నోటుబుక్కు, పెన్సిలు. పెన్ను వద్దు, కొట్టివేతలు చాలా ఉంటాయి. సెయింట్ లూయిస్ సర్క్యూట్ కోర్టులో బానిసలు విడుదల కోరుతూ వేసిన దావాల ఫైళ్లు 300కు పైగా బయటపడ్డాయి. మిస్సోరీ రాష్ట్ర ఆర్కైవ్స్‌వాళ్లు స్కాన్ చేసి ఉచితంగా పెట్టారు.

1. తేదీలు రాసుకోండి. డ్రెడ్ స్కాట్, ఆయన భార్య హ్యారియెట్ 1846 ఏప్రిల్ 6న వేర్వేరుగా దావాలు వేశారు. (హ్యారియెట్ దావాను మర్చిపోయేవాళ్లే ఎక్కువ.) 1847లో ఓడారు, 1850లో గెలిచారు, 1852లో మిస్సోరీ సుప్రీంకోర్టు దాన్ని కొట్టేసింది. ఇదంతా ఐదు నిమిషాల పని.

2. ప్రతివాది ఎవరో చూడండి. మొదట స్కాట్ యజమాని వితంతువు ఐరీన్ ఎమర్సన్, ఫెడరల్ కోర్టుకు వెళ్లాక ఆమె అన్న జాన్ శాన్‌ఫర్డ్. అచ్చులో ఆయన ఇంటిపేరుకు ఒక అక్షరం ఎక్కువ పడింది, కేసు ఆ తప్పు పేరుతోనే నిలిచిపోయింది.

3. ఇప్పుడు అసలు చిక్కు. తొందరపడకండి. ఎమర్సన్ తనను కొట్టి, గాయపరిచి, పన్నెండు గంటలు నిర్బంధించిందని స్కాట్ దావాలో ఉంటుంది. ఇది చదవగానే గుండె కలుక్కుమంటుంది. నేనూ మొదట్లో ఆ వాక్యాన్ని అచ్చంగా జరిగిన సంగతిగా రాసి ఒక పెద్దాయన దగ్గర బాగా తిట్లు తిన్నాను.

అది వకీలు రాసిన అలవాటు మాట. మిస్సోరీ 1824 చట్టం ప్రకారం విడుదల దావాను దాడి, అక్రమ నిర్బంధం కేసుగానే వేయాలి. నన్ను కొట్టావని యజమాని మీద దావా వేసే హక్కు స్వేచ్ఛ ఉన్న మనిషికే ఉంటుంది. కాబట్టి ప్రతివాది "ఇతను నా బానిస" అని జవాబివ్వక తప్పదు. అప్పుడు కోర్టు తేల్చాల్సింది ఇతను బానిసా, కాదా అన్నదే. దెబ్బల మాట ఆ తలుపు తెరిచే తాళంచెవి.

మన క్రయ దస్తావేజుల్లో "ఎవరి బలవంతమూ లేకుండా, ఇష్టపూర్వకంగా" అని ఉంటుంది కదా. అది చూసి అమ్మినవాడు నవ్వుతూ అమ్మాడని ఎవరైనా రాస్తారా?

అలాగని దెబ్బలే లేవని తేల్చేయకండి, అది రెండో తప్పు. ఈ కాగితం దెబ్బల గురించి అవునని చెప్పదు, కాదనీ చెప్పదు. చేయాల్సింది ఇది: అదే కోర్టు ఫైళ్లు ఇంకో ఐదు తెరిచి పక్కపక్కన పెట్టండి. అన్నింట్లో ఒకేలా ఉన్న మాటల కింద గీత గీయండి, అవి వకీలువి. గీత పడకుండా మిగిలినవి ఆ మనిషివి. స్కాట్ విషయంలో మిగిలేవి ఇల్లినాయ్‌లోని రాక్ ఐలండ్, నేటి మిన్నెసోటాలోని ఫోర్ట్ స్నెల్లింగ్ అనే సైనిక కోట. బానిసత్వం చెల్లని ఆ చోట్లకు తనను తీసుకెళ్లి ఉంచారన్నదే ఆయన వాదనకు ప్రాణం. చివర సంతకం ఉండదు, ఇంటూ ఆకారంలో నిశానీ ఉంటుంది. ఐదు ఫైళ్లు అంటే ఐదే. రెండింటితో సరిపెట్టుకున్నవాళ్ల వ్యాసాలు చూస్తే నాకు టెన్షన్ వస్తుంది.

4. సాక్ష్యాలు చదవండి. 1847లో ఎందుకు ఓడారో ఇక్కడే తెలుస్తుంది, తీర్పు మాత్రమే చదివేవాళ్లకు ఇది దొరకదు. స్కాట్ దంపతులను ఎమర్సన్ దగ్గర కూలికి తీసుకున్నానన్న సాక్షి, క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఆ ఏర్పాటు చేసింది తన భార్య అని ఒప్పుకున్నాడు. అంటే ఆయనకు నేరుగా తెలిసిందేమీ లేదు. దాంతో ఎమర్సన్ వాళ్లను బానిసలుగా ఉంచుకున్నట్టు రుజువు కాలేదు. ఆమె యజమానురాలని రుజువు కానందుకు వాళ్లు ఆమె దగ్గరే ఉండిపోయారు!

5. ఇప్పుడు పై కోర్టులు. బానిసత్వం లేని చోట కాపురముంటే విడుదలైనట్టేనని మిస్సోరీ 1824లో విన్నీ అనే బానిస స్త్రీ కేసు నుంచి ఒప్పుకుంటూ వచ్చింది. 1852లో దాన్ని వదిలేసింది. ఆ తర్వాత 1857 మార్చి 6, అమెరికా సుప్రీంకోర్టులో 7–2తో స్కాట్ ఓటమి. టానీతో పాటు, విభేదించిన మెక్లీన్, కర్టిస్‌ల అభిప్రాయాలూ చదవండి.

6. ఫైలు మూసేముందు అదే సర్క్యూట్ కోర్టు రికార్డులో 1857 మే 26 చూడండి. సుప్రీంకోర్టులో ఓడిన మూడు నెలల్లోపే, స్కాట్ పాత యజమాని కొడుకు టేలర్ బ్లో, అప్పటికి తన పేరు మీదికి మారిన స్కాట్ కుటుంబానికి అక్కడ విడుదల పత్రం రాసిచ్చాడు. డ్రెడ్ స్కాట్ మరుసటి ఏడాదే చనిపోయాడు.