నిఘంటువు చూడడం నేర్చుకుందాం – 3వ పాఠం: ఏటికి నీళ్లొచ్చాయి

ఈసారి పర్యాయపదాల గురించి చెప్పాల్సింది. కానీ పోయిన పాఠంలో ఇచ్చిన మాటలకు మీరు రాసిన జవాబులు చూశాక దాన్ని పక్కన పెట్టాను. అక్షరాల వరుస అందరికీ బాగానే వచ్చింది. పంట ముందు, పకపక తర్వాత, పక్క ఆ తర్వాత అని సరిగ్గానే పట్టారు. అయినా పళ్లు, వస్తున్నాడు, చెరువు దొరకలేదని చాలామంది రాశారు.

చెరువు సంగతి చిన్నది. 1885 నాటి శబ్దరత్నాకరం అనే నిఘంటువులో అది చెఱువు. ర దగ్గర దొరకని మాటను బండి ఱతో ఇంకోసారి చూడండి.

నన్ను బాధపెట్టింది దొరకని మాటలు కాదు, దొరికిన ఒక మాట. 'పెన్నలో ఏటికి నీళ్లొచ్చాయి' అన్న వాక్యంలో ఏటికి అంటే ఏమిటని అడిగాను. కావలిలో నా దగ్గర చదువుకునే తొమ్మిదో తరగతి అమ్మాయి పెద్ద నిఘంటువు తీసి, 'ఏటికి = ఎందుకు' అని రాసింది. నిఘంటువు తప్పు కాదు. పాత పద్యాల్లో ఏటికి అంటే ఎందుకు అనే. కానీ ఆ అర్థం పెట్టి మన వాక్యం చదవండి: పెన్నలో ఎందుకు నీళ్లొచ్చాయి! వరద వచ్చిందని చెప్పే మాట ప్రశ్న అయిపోయింది. ఇంకొకరు 'సంవత్సరానికి' అని రాశారు.

ఇక్కడ ఏటికి అన్నది ఏరు నుంచి వచ్చింది. ఏరు, ఏటి, ఏటికి. 'ఏటికి ఒక పంట' అన్నప్పుడు మాత్రం ఏడు నుంచి, అంటే సంవత్సరం. ఊరు ఊరికి అయినట్టు ఏరు ఏరికి కాదు. నోరు నోటికి, రోలు రోటికి, ఇల్లు ఇంటికి, కన్ను కంటికి, పన్ను పంటికి. బహువచనంలోనూ ఇదే చిక్కు. గోళ్లు గోరు దగ్గర, కొడవళ్లు కొడవలి దగ్గర ఉంటాయి. పళ్లకైతే రెండు ఇళ్లు: తినేవైతే పండు, నమిలేవైతే పన్ను.

నిఘంటువులో ఉండేది ఇలాంటి అసలు రూపాలే. వాటిని పట్టుకోవడానికి నేను వాడే ఉపాయం ఇది. ఆ మాట ముందు 'ఒక' పెట్టి, చివర 'ఉంది' అనండి. ఒక ఏరు ఉంది, ఒక కన్ను ఉంది. నోటికి వచ్చిన ఆ రూపమే వెతకాలి. క్రియ అయితే పద్యంలోలాగా 'ను'తో ముగించి, ఆ 'ను' తీసేయండి. వస్తున్నాడు అంటే వచ్చును, కాబట్టి వచ్చు. చూస్తాడుకి చూచు, కొంటాడుకి కొను, పోతాడుకి పోవు.

అర్థం దొరికాక వాక్యంలో పెట్టి పైకి చదవండి. దీన్ని మాత్రం దయచేసి వదలొద్దు. ఫోన్లో వెతికితే మొదట కనిపించిన అర్థం దగ్గరే ఆగిపోతున్నారు, అందుకే నేను పుస్తకమే తీయమంటాను. వ్యవసాయం మాటలకైతే ఒంగోలులో పుట్టిన భద్రిరాజు కృష్ణమూర్తి గారి సంపాదకత్వంలో 1962లో వచ్చిన మాండలిక వృత్తిపదకోశం చూడండి. ఏ మాట ఏ ప్రాంతంలో అంటారో అందులో ఉంటుంది.

అభ్యాసం: 'ఏటి గట్టున రోటి పక్కన కూర్చుని పళ్లు తింటుంటే వేళ్లకు చీమలు కుట్టాయి.' ప్రతి మాటకూ అసలు రూపం, దాని పేజీ నంబరు, మీరు వదిలేసిన అర్థాలు, ఎందుకు వదిలేశారో రాయండి. వేళ్లు వేలు నుంచా, వేరు నుంచా? ఏ మాటను బట్టి తేల్చుకున్నారో కూడా రాసి పంపండి.