యుద్ధంలో మునిగిన బ్రిటిష్ సరుకు ఓడ చరిత్ర ఎలా వెతకాలి: గెర్సొప్పా ఓడతో మొదలుపెడదాం

పేరు కొడితే అన్నీ వచ్చేస్తాయి అనుకుంటాం కానీ, పాత సరుకు ఓడల విషయంలో మొదటి చిక్కు పేరు దగ్గరే వస్తుంది. రెండో ప్రపంచ యుద్ధంలో మునిగిన ఎస్.ఎస్. (అంటే స్టీమ్ షిప్) గెర్సొప్పానే తీసుకోండి. కర్ణాటకలో జోగ్ జలపాతాన్ని గేరుసొప్ప అని కూడా అంటారు కదా, ఆ పేరే ఈ ఓడకు పెట్టారు. జలపాతం గురించి ఇంగ్లిష్‌లో రాసేటప్పుడు జి పక్కన ఇ ఒక్కటే ఉంటుంది, ఓడ పేరులో మాత్రం ఎ, ఐ రెండూ ఉంటాయి (Gairsoppa). ఆ తేడా పట్టుకోకపోతే మీకు జలపాతం ఫొటోలే వస్తాయి, ఓడ రాదు. కాబట్టి ముందు పేరుని ఆనాటి కాగితాల్లో ఎలా రాశారో అలాగే రాసుకోండి.

తర్వాత పాత పేర్లు చూడండి. మొదటి ప్రపంచ యుద్ధం చివర్లో బ్రిటిష్ ప్రభుత్వం ఒకే నమూనాలో చాలా సరుకు ఓడలు కట్టించింది, వాటికి పెట్టిన పేర్లన్నీ 'వార్' అనే మాటతోనే మొదలవుతాయి. గెర్సొప్పా కూడా 'వార్ రోబక్' అనే పేరుతో టైన్ నది ఒడ్డున పామర్స్ యార్డులో మొదలైంది. 1919లో నీళ్ళలోకి దిగింది, బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ చేతికి వచ్చాక పేరు మారింది. పేరు ఎన్నిసార్లు మారినా మారనిది అఫీషియల్ నంబరు, అంటే ఓడని బ్రిటన్‌లో రిజిస్టర్ చేసినప్పుడు ఇచ్చే నంబరు. అది దొరికిందంటే ఇక అదే పేరున్న వేరే ఓడతో కలగాపులగం అయ్యే టెన్షన్ ఉండదు. ఓడల వివరాలు ఏటా అచ్చేసే లాయిడ్స్ రిజిస్టర్‌లో 1930 నుంచి 1945 వరకు సంపుటాలు స్కాన్ చేసి ఆన్‌లైన్‌లో ఉచితంగా పెట్టారు. అందులో ఓడ పేరు వెతికితే ఆ నంబరు, కట్టిన సంవత్సరం, యజమాని, కొలతలు అన్నీ ఒకే వరుసలో ఉంటాయి.

ఇక్కడ టన్నుల గురించి ఒక మాట, ఎందుకంటే చాలామంది తప్పు చేసేది ఇక్కడే. రిజిస్టర్‌లో గెర్సొప్పా 5,237 టన్నులు. చివరి ప్రయాణంలో అది మోసిన సరుకు దాదాపు 7,000 టన్నులు. ఓడ కంటే సరుకే ఎక్కువా అనిపిస్తుంది, రెండిట్లో ఏదో తప్పు అనుకుని కొందరు ఒక అంకెను 'సరిదిద్దేస్తారు' కూడా. రెండూ కరెక్టే. రిజిస్టర్ టన్ను అంటే బరువు కాదు, లోపలి జాగా: 100 ఘనపుటడుగులకు ఒక టన్ను. సరుకు టన్ను మాత్రం బరువు. పిగ్ ఐరన్ (ముడి ఇనుము) దిమ్మల్లాంటి సరుకైతే కొంచెం జాగాలోనే ఎంతో బరువు పడుతుంది.

ఇప్పుడు చివరి ప్రయాణం. లండన్ శివార్లలో క్యూ అనే చోట నేషనల్ ఆర్కైవ్స్ ఉంది. అక్కడ బి.టి. 389 అనే వరుసలో ఓడల కదలికల కార్డులు ఉంటాయి, ఏ రేవులో ఎప్పుడు ఆగింది, ఎక్కడికి బయలుదేరింది అని పొట్టి పొట్టి మాటల్లో. ఏడీఎం 199 అనే వరుసలో కాన్వాయ్‌ల (కాపలాతో గుంపుగా వెళ్ళే ఓడల) కాగితాలు, బతికి బయటపడ్డవాళ్ళు ఇచ్చిన వాంగ్మూలాలు. ఆనాటి పత్రికల మీద మాత్రం ఆశ పెట్టుకోకండి, యుద్ధకాలంలో సెన్సారు వల్ల ఓడ మునిగిన సంగతి చాలాసార్లు అచ్చులోకే రాలేదు.

గెర్సొప్పా కథ ఇలా నడుస్తుంది. 1940 డిసెంబరులో కలకత్తా నుంచి తేయాకు, పిగ్ ఐరన్, వెండి దిమ్మలు, ఉత్తరాల సంచులతో బయలుదేరి, ఆఫ్రికా చుట్టూ తిరిగి ఫ్రీటౌన్ చేరింది. 1941 జనవరి 30న అక్కడి నుంచి ఎస్.ఎల్. 64 అనే కాన్వాయ్‌తో కదిలింది. సముద్రం బాగోలేదు, బొగ్గు అయిపోవస్తోంది, దాంతో ఫిబ్రవరి 14న గుంపు నుంచి విడిపోయి ఐర్లండ్‌లోని గాల్వే వైపు ఒంటరిగా తిరిగింది. ఒక జర్మన్ విమానం దాన్ని చూసి పైన చక్కర్లు కొట్టి పోయింది, ఆ తర్వాత అర్ధరాత్రి వేళ యు-101 అనే జలాంతర్గామి టార్పెడో వేసింది.

ఆ తేదీ కొన్నిచోట్ల 16 అని, కొన్నిచోట్ల 17 అని ఉంటుంది. ఎవరో తప్పు రాశారని కొట్టేయకండి. జర్మన్ లాగ్‌బుక్ జర్మన్ టైములో నడుస్తుంది, ఓడలోవాళ్ళ గడియారం వేరు, దాడి జరిగింది అర్ధరాత్రికి అటూ ఇటూ. కాబట్టి మీరు రాసేటప్పుడు తేదీ పక్కన అది ఏ టైమో కూడా రాయండి. వెతికేటప్పుడు ఒక రోజు ముందూ ఒక రోజు వెనకా కలిపి వెతకండి.

ఓడలో ఉన్నది 86 మంది. బతికింది ఒక్కడు, సెకండ్ ఆఫీసర్ రిచర్డ్ ఎయిర్స్. ఆయన ఉన్న లైఫ్‌బోటు ఫిబ్రవరి చలిలో 13 రోజులు కొట్టుకుపోయింది. ఎక్కినవాళ్ళు ఒక్కొక్కరే చనిపోతూ వచ్చారు, మార్చి 1న కార్న్‌వాల్‌లోని లిజార్డ్ తీరం కనబడేసరికి మిగిలింది కొద్దిమంది, ఒడ్డు అందే దూరంలో అలలకు బోటు తిరగబడింది. పదమూడు రోజులు ఓర్చుకున్నవాళ్ళు, నేల కళ్ళెదురుగా ఉండగా పోయారు. నాకైతే ఈ ఓడ గురించి చదివిన ప్రతిసారీ ఇక్కడ ఆగి కాసేపటికి గానీ ముందుకు పోబుద్ధి కాదు.

చాలా వ్యాసాలు ఇక్కడి నుంచి నేరుగా వెండి దగ్గరికి దూకేస్తాయి. మీరు దూకకండి. మిగతా 85 మంది ఎవరు? వాళ్ళలో ఎక్కువమంది లస్కర్లు, అంటే మన ఉపఖండం నుంచి వెళ్ళిన నావికులు. కలకత్తాలో పనికి చేరినవాళ్ళు ఎక్కువగా సిల్హెట్, చిట్టగాంగ్, నోవాఖాలీ జిల్లాలవాళ్ళు. తెల్ల నావికులదీ వీళ్ళదీ ఒప్పందం కాగితాలే వేరు, జీతం చాలా తక్కువ. వాళ్ళ పెద్దని సెరాంగ్ అనేవారు, గోదావరి లాంచీ నడిపేవాణ్ణి మనం సరంగు అనే మాట అదే. సెరాంగ్ కింద టిండాల్, అది మన మత్స్యకారుల తండేలే. ఆ మాటలు క్రూ లిస్టులో ఇంగ్లిష్ స్పెల్లింగుతో కనబడితే గుర్తుపట్టండి, అవి పేర్లు కావు, హోదాలు.

పేర్లు వెతకడానికి కామన్వెల్త్ వార్ గ్రేవ్స్ కమిషన్ సైటులోకి వెళ్ళండి. సర్వీసు దగ్గర మర్చంట్ నేవీ ఎంచుకుని తేదీ ఇచ్చి వడకట్టండి. సమాధి లేని బ్రిటిష్ నావికుల పేర్లు లండన్‌లోని టవర్ హిల్ స్మారకం మీద ఉంటాయి. భారతీయ నావికుల కోసం అక్కడ వెతికి దొరకలేదని వదిలేయకండి, వాళ్ళ పేర్లు బొంబాయి, చిట్టగాంగ్ స్మారకాల పేరుతో ఉన్న పుస్తకంలో చేర్చారు, అందులో 6,000కి పైగా నావికులు ఉన్నారు. ఇంగ్లిష్ గుమస్తా చెవికి ఎలా వినబడితే అలా రాసినవి కాబట్టి ఒకే పేరుకి మూడు నాలుగు స్పెల్లింగులు ప్రయత్నించాలి. కొన్నింటి పక్కన తండ్రి పేరు, ఊరు కూడా ఉంటుంది. అది కనబడితే తప్పకుండా రాసుకోండి, ఒక మనిషి కుటుంబం దాకా దారి చూపేది ఆ ఒక్క లైనే.

ఇక మునిగిన చోటు. గెర్సొప్పా 2011లో దొరికింది, 4,700 మీటర్ల లోతున. 2012, 2013లో ఒక అమెరికన్ కంపెనీ దాదాపు 110 టన్నుల వెండి పైకి తీసింది, ఒప్పందం ప్రకారం అందులో ఎక్కువ వాటా ఆ కంపెనీదే. నాకు వెండి కంటే ముఖ్యమైనవి 700కి పైగా ఉత్తరాలు. వెలుతురు, గాలి తగలని అడుగున డెబ్బై ఏళ్ళు ఉండి, చదవగలిగే స్థితిలో బయటికొచ్చాయి. 2018లో లండన్ పోస్టల్ మ్యూజియం వాటిని ప్రదర్శనకు పెట్టింది. కాబట్టి ఓడ చరిత్ర వెతికేటప్పుడు నౌకాదళం కాగితాలతో సరిపెట్టుకోకుండా అందులో ఏం సరుకు ఉందో చూసి, ఆ సరుకుకు సంబంధించిన మ్యూజియాలూ చూడండి.

మొదటిసారి సొంతంగా ప్రయత్నించాలంటే మాల్డా, ఇండోరా తీసుకోండి. రెండూ ఇదే కంపెనీవి. మన పెద్దవాళ్ళు రంగం (రంగూన్) వెళ్ళిన స్టీమర్లు నడిపింది కూడా ఈ కంపెనీయే. 1942 ఏప్రిల్ 6న, విశాఖపట్నం మీద, కాకినాడ మీద జపాన్ విమానాలు బాంబులు వేసిన రోజునే, ఈ రెండు ఓడల్నీ జపాన్ దళాలు బంగాళాఖాతంలో ముంచేశాయి. పైన చెప్పిన వరుసలోనే వెళ్ళండి, పేరు, నంబరు, కార్డు, తేదీ. కానీ ఈసారి మనుషుల జాబితా ముందు తెరవండి.