తిరగమోత నూడుల్స్: ఇంటి స్టవ్ మీద 20 నిమిషాల్లో

సాయంత్రం ఆరు దాటిందంటే అమలాపురంలోనైనా, రావులపాలెంలోనైనా, పాలకొల్లులోనైనా సెంటర్లో నూడుల్స్ బండి చుట్టూ జనం మూగుతారు. బర్నర్ భగభగమంటుంటుంది, నల్లటి మూకుడు ఎగిరెగిరి పడుతుంటుంది, రెండు నిమిషాల్లో ప్లేటు చేతికొస్తుంది. అదే రుచి ఇంట్లో తెప్పిద్దామని సాస్ సీసాలన్నీ కొనుక్కొచ్చి మొదలుపెడితే, చివరికి తయారయ్యేది సోయా సాస్ వేసిన ఉప్మా. నేనూ ఆ ఉప్మా చాలాసార్లు తిన్నాను.

తప్పు సాస్‌ది కాదు, మంటది. బండి మీద మంటకి నూడుల్స్‌లో తడి అప్పటికప్పుడు ఆవిరైపోతుంది, అక్కడక్కడా అంచులు మాడి ఆ పొగ వాసన పడుతుంది. ఇంటి స్టవ్‌కి అంత వేడి లేదు. పైగా మనం నలుగురికి సరిపడా ఒకేసారి గుమ్మరిస్తాం. మూకుడు చల్లబడుతుంది, వేగాల్సినవి కాస్తా ఉడుకుతాయి.

అందుకే నేను వేయించడం మానేసి వేరే దారి పట్టాను. చైనాలో షియాన్ నగరం ఉన్న షాన్‌షీ రాష్ట్రంలో ఒక పద్ధతి ఉంది. నూడుల్స్ ఉడికించి గిన్నెలో వేసి, పైన కారం, వెల్లుల్లి, ఉల్లికాడలు పెట్టి, కాగిన నూనె పోసేస్తారు. అంతే. మొదటిసారి చూసినప్పుడు నాకు నవ్వొచ్చింది. మాగాయకి మనం పెట్టే తిరగమోత ఇదే కదా! మిరపకాయ మనకైనా వాళ్ళకైనా అమెరికా ఖండాల నుంచి ఓడలెక్కి వచ్చిందే. దాని మీద వేడి నూనె పోయాలన్న ఆలోచన మాత్రం ఎవరికి వాళ్ళకే వచ్చినట్టుంది.

ఇద్దరికి ఏమేం కావాలి

150 గ్రాముల హక్కా నూడుల్స్ ప్యాకెట్ ఒకటి. ఆరు లావుపాటి వెల్లుల్లి రెబ్బలు. నాలుగు ఉల్లికాడలు. పెద్ద చెంచాడు కారం. నాలుగు పెద్ద చెంచాల నూనె. సోయా సాస్ ఒకటిన్నర పెద్ద చెంచాలు. వెనిగర్ చిన్న చెంచాడు, బెల్లం తురుము అర చెంచా, నువ్వులు పెద్ద చెంచాడు, ఉప్పు. రొయ్యలు దొరికితే ఒలిచినవి 150 గ్రాములు.

వీటిలో జాగ్రత్తగా చూసుకోవాల్సింది కారం. సాంబారు కారం ఇక్కడ పనికిరాదు, అందులో ధనియాలు, జీలకర్ర, మెంతులు ఉంటాయి. నూడుల్స్ కాస్తా పులుసు వాసనేస్తాయి. ఒట్టి పచ్చళ్ళ కారం కావాలి. అది కూడా మెత్తటి పొడి కంటే కాస్త బరకగా ఉంటేనే మంచిది, ఎందుకంటే మెత్తటిది వేడి నూనె తగిలీ తగలగానే మాడిపోతుంది. నేను చేసేదేమిటంటే, ఎనిమిది ఎండుమిరపకాయలు సన్న సెగ మీద నూనె లేకుండా వేడిచేసి, కాస్త పెళుసుగా అవ్వగానే రోట్లో కచ్చాపచ్చాగా దంచుతాను. గుంటూరు కాయలు నాలుగు, బ్యాడిగి నాలుగు. మొదటివి మంటకి, రెండోవి రంగుకి. అన్నీ గుంటూరువే వేస్తే రెండో ముద్దకే మంచినీళ్ళ కోసం పరిగెత్తాలి.

ఇక నువ్వుల నూనె సంగతి. చైనీస్ వంటల్లో చివర్లో రెండు చుక్కలు వేసే నువ్వుల నూనె వేయించిన నువ్వుల నుంచి తీసింది. మన గానుగ నూనె పచ్చి నువ్వులది, ఆ వాసన రాదు. అందుకని ప్రత్యేకంగా సీసా కొనక్కర్లేదు. నువ్వులు చిటపటలాడేదాకా వేయించి, సగం నలిపి, సగం అలాగే వేసెయ్యండి. కాగబెట్టే నూనె వేరుశనగదైనా, సన్‌ఫ్లవరైనా సరే.

ముందు నీళ్ళు పెట్టండి

వెడల్పాటి గిన్నెలో రెండు లీటర్ల నీళ్ళు పొయ్యి మీద పెట్టండి. అవి మరిగేలోగా మిగతా పనులు అయిపోతాయి. వెల్లుల్లి ఒలిచి సన్నగా తరగండి, పేస్టు చెయ్యొద్దు. పేస్టులో తడి ఎక్కువ, నూనె పడితే చిమ్ముతుంది, రుచి కూడా పచ్చిగానే ఉండిపోతుంది. ఉల్లికాడల తెల్ల భాగం ఒక పక్కన, ఆకుపచ్చ భాగం ఒక పక్కన తరిగి పెట్టుకోండి. ఉల్లికాడలు ఏడాది పొడుగునా దొరకవు, లేనప్పుడు చిన్న ఉల్లిపాయ ఒకటి సన్నగా తరిగి వెయ్యండి.

నీళ్ళు తెర్లుతుండగా చిన్న చెంచాడు ఉప్పేసి నూడుల్స్ వెయ్యండి. ప్యాకెట్ మీద ఎన్ని నిమిషాలని రాశారో దానికంటే ఒక నిమిషం ముందే దింపండి. ఒక పోగు తీసి కొరికితే మధ్యలో సన్నటి తెల్ల చుక్క కనపడాలి. అది కనపడకుండా ఉడికితే, కలిపేసరికి ముద్దయిపోతుంది. వానాకాలంలో మన వైపు తెరిచి ఉంచిన ప్యాకెట్ రెండు రోజుల్లో మెత్తబడుతుంది, అలాంటిది ఇంకా తొందరగా ఉడుకుతుంది, కాబట్టి గడియారాన్ని కాదు, పోగుని నమ్మండి.

వార్చే ముందు ఆ ఉడికిన నీళ్ళు అర గ్లాసు తీసి పక్కన పెట్టుకోండి. మర్చిపోతారు, నేనూ మర్చిపోతాను, అందుకని గ్లాసు సింకు పక్కనే ముందుగా పెట్టుకుంటే మేలు. వేయించే నూడుల్స్‌ని చన్నీళ్ళతో కడుగుతారు, ఇక్కడ మాత్రం కడగొద్దు. నూడుల్స్ వేడిగా ఉండాలి, పైన కొంచెం జిగురు ఉండాలి, అప్పుడే సాస్ పట్టుకుంటుంది.

గిన్నె సర్దడం

లోతైన స్టీలు గిన్నె తీసుకోండి. ప్లాస్టిక్ వద్దు. గాజు గిన్నె అసలే వద్దు, నాది ఒకటి ఠప్పున పగిలింది. గిన్నె పూర్తిగా పొడిగా ఉండాలి.

అడుగున సోయా సాస్, వెనిగర్, బెల్లం వేసి కలపండి. సోయా సాస్‌లో ఉప్పు బాగా ఉంటుంది కాబట్టి వేరే ఉప్పు ఇప్పుడే వెయ్యొద్దు. వెనిగర్ లేకపోతే నిమ్మకాయ చివర్లో పిండుకోవచ్చు. చింతపండు పులుసు వేస్తే పులిహోర దారి పడుతుంది, ఆ దారి మంచిదే కానీ వేరే ఊరికి వెళ్తుంది. సాస్ మీద వేడి నూడుల్స్ వెయ్యండి. నూడుల్స్ మీద మధ్యలో కారం కుప్పగా పొయ్యండి. ఆ కారం మీద వెల్లుల్లి, దాని మీద ఉల్లికాడల తెల్ల భాగం, నువ్వులు. వరస మార్చొద్దు. నూనె ముందు ఉల్లి మీద పడి, వెల్లుల్లి మీదుగా కాస్త వేడి తగ్గి కారం దాకా వెళ్ళాలి. కారం పైన ఉంటే మొదటి చుక్కకే నల్లబడుతుంది.

నూనె పొయ్యడం

అసలు పని ఇదే, మొత్తం అర నిమిషం.

తిరగమోత గరిటెలో నాలుగు చెంచాల నూనె పోసి మధ్యస్థం సెగ మీద పెట్టండి. వేడెక్కాక ఒక వెల్లుల్లి ముక్క వేసి చూడండి. అడుగుకి వెళ్తే ఇంకా కాగలేదు. వేసిన క్షణమే చుట్టూ బుడగలు కట్టి తేలితే సరిపోయింది. వేసీ వెయ్యగానే గోధుమ రంగుకి తిరిగితే ఎక్కువ కాగింది, స్టవ్ కట్టేసి ఒక నిమిషం ఆగండి.

మొదటిసారి చేసినప్పుడు నేను ఆగలేదు. నూనె పొగలు కక్కుతోంది, నాకు అదే గొప్పగా అనిపించింది, మొత్తం ఒక్కసారి ఒంపేశాను. కారం బొగ్గయింది. ఆ ఘాటుకి ఇంట్లో అందరికీ దగ్గు పట్టుకుంది, కిటికీలన్నీ తీసి వీధిలో నిలబడ్డాం. పక్కింటావిడ గోడ మీద నుంచి, "ఏవండీ, ఎవరికైనా దిష్టి తీశారా?" అని అడిగింది.

కాబట్టి మూడు విడతలుగా పొయ్యండి. మొదట ఉల్లి మీద కొంచెం. చుయ్యిమని శబ్దం వస్తుంది, నురగలా పొంగుతుంది. శబ్దం తగ్గగానే రెండోది, గుండ్రంగా తిప్పుతూ. మూడోది అంచుల్లో. మొహం గిన్నె మీదకి వంచొద్దు, పిల్లల్ని దూరంగా ఉంచండి. వెల్లుల్లి బంగారు రంగుకి వచ్చి, కారం ఎర్రగానే ఉండి, నూనె కుంకుమ రంగులో పోగుల మధ్యకి దిగుతుంటే మీ పని కుదిరినట్టే. శబ్దమే రాకపోతే నూనె చాలలేదని కాదు, కాగలేదని. అప్పుడు అంతా మూకుట్లోకి ఒంపి ఒక నిమిషం తిప్పండి, పాడైపోదు.

ఇప్పుడు అడుగు నుంచి పైకి కలపండి. రెండు గరిటెలతో ఎత్తి ఎత్తి వెయ్యాలి, నలపకూడదు. పొడిగా అనిపిస్తే పక్కన పెట్టిన నీళ్ళు రెండు చెంచాలు చల్లండి. ఆ నీళ్ళలోని గంజి నూనెని, సాస్‌ని కలిపి పోగులకి అంటిస్తుంది. ఉప్పు చూసుకుని, ఉల్లికాడల ఆకుపచ్చ భాగం చల్లి వెంటనే తినండి. ఇది ఆగే వంట కాదు.

రొయ్యలు వేసుకుంటే

మన వైపు పుట్టి నూడుల్స్‌లో రొయ్యలు వేసుకోకపోతే ఎలా! ఒకప్పుడు టైగర్ రొయ్య, ఇప్పుడు ఏ చెరువు చూసినా వన్నామి. ఏదైనా వీపు మీద చీరి నల్లటి దారం తీసి, కడిగి, గుడ్డతో తడి అద్దండి. ఈ అద్దడం దగ్గర బద్ధకించొద్దు. తడి ఉంటే నీరూరి ఇగురవుతుంది. మూకుడు బాగా కాలాక చెంచాడు నూనె వేసి, రొయ్యల్ని ఒకదానికొకటి తగలకుండా పరిచి, చిటికెడు ఉప్పు, మిరియాల పొడి చల్లండి. ఒక పక్క నిమిషం, రెండో పక్క నిమిషం. వంకీలా వంగితే దింపెయ్యాలి. చుట్ట చుట్టుకుపోతే అది రబ్బరు. నూనె పోసి కలిపాక పైన వెయ్యండి. ఆ మూకుడు కడగకముందే రెండు గుడ్లు కొట్టి, పల్చటి ఆమ్లెట్ వేసి, పొడుగు ముక్కలుగా కోసి కలిపితే ఇంకా బాగుంటుంది.

కూరగాయలు కావాలంటే క్యాబేజీ, క్యారెట్ సన్నగా తరిగి, నూడుల్స్ దింపే ముందు అదే నీళ్ళలో అర నిమిషం వెయ్యండి చాలు.

మసాలా పొట్లంతో వచ్చే ఇన్‌స్టంట్ నూడుల్స్‌తో కూడా చెయ్యొచ్చు. 1958లో జపాన్‌లో మోమోఫుకు ఆండో ఆ రకం కనిపెట్టినప్పటి నుంచీ వాటిని ఎక్కువగా ముందే నూనెలో వేయించి ఆరబెడుతున్నారు. కాబట్టి నూనె రెండు చెంచాలకి తగ్గించండి, పొట్లం సగమే వాడండి.

ఈ కారం నూనె ఎక్కువ చేసి దాచుకుందామనిపిస్తుంది. వెల్లుల్లి, ఉల్లి లేకుండా కారం, నువ్వులతో చేసిందైతే పొడి సీసాలో నిల్వ ఉంటుంది. పచ్చి వెల్లుల్లి పడ్డ నూనెని బయట ఉంచొద్దు, గాలి తగలని నూనెలో ప్రమాదకరమైన సూక్ష్మజీవులు పెరగొచ్చు. ఫ్రిజ్‌లో పెట్టి మూడు నాలుగు రోజుల్లో వాడెయ్యాలి.

మా ఇంట్లో మూడు నాలుగు రోజుల దాకా రాదు. రాజోలు నుంచి మా మేనత్త వచ్చినప్పుడు ఇదే చేశాను. "తిరగమోత అన్నీ అయ్యాక పెడతావేంట్రా అబ్బాయ్, పైగా ఇంగువ లేకుండా" అని అనుమానంగా చూసి, ప్లేటు మాత్రం ఖాళీ చేసింది. తర్వాత వంటింట్లోకి వెళ్ళి, గిన్నె అడుగున మిగిలిన ఎర్ర నూనెలో రెండు ముద్దల వేడన్నం వేసి కలుపుకుంది. "ఆయ్, ఇదిరా అసలు తినాల్సింది" అంది.