సంఘంలో గొడవ వస్తే ఆ రోజే కూర్చోండి

రైతు ఉత్పత్తిదారుల సంఘంలో మొదటి పెద్ద గొడవ ఎక్కువగా కాటా దగ్గరే మొదలవుతుంది. తేమ ఎంత, తరుగు ఎంత, ఆయన బస్తాకు కిలో తీసి నా బస్తాకు రెండు కిలోలు ఎందుకు తీశారు? మా సంఘంలో లెక్కలు రాసే పని నాది, కాబట్టి ఈ మాటలన్నీ ముందు నా టేబుల్ దగ్గరికే వస్తాయి.

ఒక యాసంగిలో ఇద్దరు రైతులు వడ్లు తెచ్చారు. పక్కపక్క మళ్లు, ఒకే విత్తనం. ఒకరికి తేమ 17 చూపించింది, ఇంకొకరికి 19. మద్దతు ధరకు 17 శాతం దాటకూడదు. రెండో ఆయన అందరి ముందూ "వాళ్ల బావమరిది డైరెక్టరు కదా, వాళ్లకి 17 కాక ఎంతొస్తది" అనేశాడు. నిజానికి ఆయన అడిగిన దాంట్లో న్యాయం ఉంది. మా వాళ్లు ఎండలో ఆరిన పైపొర నుంచే గింజలు తీసి మీటర్‌లో పోశారు. మీటర్ పట్టుకుని కుప్పల దగ్గరికే వెళ్లాం. "అన్నా, ఈసారి గింజలు నువ్వే తియ్యి" అన్నాను. మోచేతి దాకా చెయ్యి దూర్చి అడుగు నుంచి, మధ్య నుంచి, పక్క నుంచి తీశాడు. మొదటి ఆయన కుప్పలో కూడా అడుగున 18 దాటింది. ఇద్దరూ ఇంకో రోజు ఆరబోశారు, అరుపులు అక్కడితో ఆగిపోయాయి. అప్పటి నుంచి మూడు చోట్ల గింజలు రైతే తీయాలి, అంకె పుస్తకంలో రాయాలి, పక్కన ఆయన సంతకం ఉండాలి అని తీర్మానం చేసుకున్నాం.

మీ దగ్గర గొడవ వస్తే ఆ రాత్రి దాటనివ్వకండి. ముఖ్యంగా వాట్సాప్ గ్రూపులో ఒక్క జవాబు కూడా పెట్టొద్దు, అక్కడ రాసిన మాట వెనక్కి తీసుకోవడం ఎవరి వల్లా కాదు. ముందు ఇద్దరితో విడివిడిగా మాట్లాడండి. తర్వాత గొడవ ఏంటో ఒక్క వాక్యంలో కాగితం మీద రాసి, అదేనని ఇద్దరి చేతా ఒప్పించండి. ఇది చిన్న పనిలా కనిపిస్తుంది కానీ సగం టెన్షన్ ఇక్కడే దిగిపోతుంది, ఎందుకంటే రాయడం మొదలుపెట్టాక పదేళ్ల కిందటి గట్టు తగాదా, పంచాయతీ ఎన్నికల కోపం పక్కకు వెళ్లిపోయి అసలు విషయం మిగులుతుంది.

కూర్చునేవాళ్లు ముగ్గురు చాలు. ఇద్దరిలో ఎవరికీ చుట్టం కాకూడదు, ఎవరికీ అప్పు ఉండకూడదు, ఒక మహిళా సభ్యురాలు తప్పకుండా ఉండాలి. వాటా భార్య పేరు మీద ఉంటే ఆమెనే పిలిచి అడగండి, భర్త చెప్పింది విని సరిపెట్టొద్దు. ఏ నాయకుడి ఇంట్లోనూ కూర్చోవద్దు, సంఘం ఆఫీసులోనే, పుస్తకాలు తెరిచి పెట్టుకుని కూర్చోండి. తేల్చింది మినిట్స్ పుస్తకంలో రాయండి: ఎవరు, ఎంత, ఏ తారీఖులోపు. గట్టిగా చదివి వినిపించాకే సంతకాలు. తప్పు సంఘానిదైతే డబ్బు అక్కడికక్కడే తిరిగివ్వండి.

సంఘానికి ఇస్తానని బయట వ్యాపారికి అమ్మేసిన రైతు మీద కోపం వస్తుంది, నాకూ వచ్చింది. కానీ జరిమానా వేసే ముందు ఎందుకు అమ్మాడో అడగండి. చాలాసార్లు ఆ రోజే చేతిలో డబ్బు పడాల్సిన అవసరం ఉంటుంది, మన చెల్లింపు రావడానికి వారాలు పడుతుంది. కాటా అయిన రోజే కొంత అడ్వాన్స్ ఇవ్వగలిగితే ఈ గొడవ చాలావరకు రాదు. ట్రాక్టర్, రోటవేటర్ వంతుల సంగతి వేరే, వాన పడ్డ మర్నాడు అందరికీ ఒకేసారి కావాలి. పేరు, ఎకరాలు, అడిగిన టైము రాసే పుస్తకం గోడకు వేలాడదీయండి, డైరెక్టర్ పేరైనా ఆ వరసలోనే ఉండాలి.

అప్పటికీ తేలకపోతే సర్వసభ్య సమావేశంలో పెట్టండి. మీ సంఘం ఉత్పత్తిదారుల కంపెనీగా రిజిస్టరై ఉంటే, ఎన్ని వాటాలున్నా మనిషికి ఒక్కటే ఓటు. బోర్డు సమావేశం పెట్టకుండా సాగదీస్తుంటే ఓటు హక్కున్న సభ్యుల్లో మూడో వంతు మంది విషయం రాసి సంతకాలు చేసి ఇస్తే అసాధారణ సమావేశం పిలవాల్సిందే. ఇక ఆఖరి దారి, కంపెనీగా ఉంటే రాజీ లేదా మధ్యవర్తిత్వం. 1964 సహకార సంఘాల చట్టం కింద రిజిస్టరైన సంఘమైతే వివాదం రిజిస్ట్రార్ దగ్గరికి వెళ్తుంది. మీది ఏ చట్టం కిందిదో రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్‌లో ఈ రోజే చూసి పెట్టుకోండి, గొడవ వచ్చాక వెతుక్కోవద్దు.

తీర్పు ఎవరికి వ్యతిరేకంగా వచ్చిందో ఆయన తర్వాతి మీటింగుకు రాకపోతే ఫోన్ చేసి ఊరుకోకండి, ఇంటికి వెళ్లండి. మేము ఒకాయన కోసం రెండుసార్లు వెళ్లాం. మొదటిసారి పొలంలో ఉన్నారని చెప్పి పంపేశారు, రెండోసారి మంచం వాల్చి కూర్చోమన్నారు.